పధ్నాలుగో రీలు

నేను ఒక క్లాప్ బోర్డును. ఆ శుక్రవారం మ్యాట్నీలో నా యజమాని అప్పలస్వామి నన్ను తలకిందులుగా పట్టుకుని దులుపుతున్నాడు. పళ్లెమంత రేకు డబ్బా, అందులో వెయ్యి అడుగుల ఫిల్ము, నా రెండు చెక్కల సందులోంచి రాలిపడుతుందని ఆయన ఆశ. కంగారు పుట్టిన మనిషి వెతికిన చోటే మళ్ళీ వెతుకుతాడు. ఖాకీ సంచిని అప్పటికే మూడుసార్లు బోర్లించాడు. ఒక తువాలు, సుద్దముక్కల పెట్టె, నేను బయటపడ్డాం. పడాల్సింది మాత్రం పడలేదు.

తెరమీద పదకొండో రీలు సగం దాటింది. పన్నెండు, పదమూడు రీళ్ళు పైన ఆపరేటరు గదిలో ఉన్నాయి. పధ్నాలుగోది ఈ సంచిలో ఉండాలి. హంతకుడెవరో చెప్పే రీలు అదే. ఇంకో పాతిక నిమిషాల్లో ఆరొందలమంది దానికోసం అరుస్తారు.

"పైడీ, డబ్బా ఏదే?" అన్నాడు అప్పలస్వామి, గొంతు పైకి రాకుండా.

ఆడవాళ్ళ బల్లల్లో మూడో వరస చివర కూర్చున్న ఆయన భార్య పైడమ్మ వేరుశనక్కాయ ఒలిచి నోట్లో వేసుకుంది. "నీ సంచీలోనే గదా మావా ఉండాల. నానేటి తింటానా దాన్ని?"

అంతలో టాకీసు మేనేజరు సూరపరాజు వంగి వంగి వచ్చాడు. "ఏవండీ, ఆఖరి రీలు ఇంకా పైకి పంపలేదేం? జనం ఊరుకునేలా లేరు. సినిమా చూడ్డానికి కాదండీ, మిమ్మల్ని సినిమాల్లోంచి దింపడానికొచ్చారు వీళ్ళంతా. ఇంటర్వెల్లోనే తేల్చేశారు, డాక్టరే హంతకుడని."

అప్పలస్వామి తల సంచిలోకి దూర్చాడు. ఎందుకంటే హంతకుడు డాక్టరే.

టాకీసు గోడమీద నిలువెత్తు పోస్టరు ఉంది. దానిమీద ఆయన దగ్గరుండి రాయించుకున్న మాటలివి: "హంతకుడెవరో చివరి రీలుకి ముందే మీరు కనిపెడితే, ఇదే నా ఆఖరి సినిమా. ఇట్లు, దర్శక నిర్మాత ఇప్పిలి అప్పలస్వామి." విజయనగరమంతా ఆ పోస్టరు చదివింది. ఇప్పుడు ఆ రీలు దొరికితే ఆయన ఓడిపోతాడు. దొరక్కపోతే టికెట్టు కొన్నవాళ్ళ దగ్గర దొంగ అవుతాడు.

డబ్బా ఎవరు తీశారో నాకు తెలుసు. ఇంటర్వెల్ అయ్యాక దీపాలు ఆరగానే ఒక చెయ్యి సంచిలోకి వచ్చింది. నా అంచు ఒరుసుకుంటూ డబ్బాను పైకి లాగింది. చాలా నెమ్మదిగా, చప్పుడు కాకుండా. ఆ చెయ్యి నాకు బాగా తెలిసిందే. కానీ నాకున్న నోరు టప్పుమనడానికే తప్ప పేర్లు చెప్పడానికి పనికిరాదు. పైగా తొమ్మిది డిటెక్టివ్ సినిమాలకు పనిచేసిన దాన్ని. ఎప్పుడు చెప్పకూడదో ఆమాత్రం ఎరగనా?

ఆఖరి రీలు సంచిలోకి ఎందుకొచ్చిందని మీకు అనుమానం రావచ్చు. ఆ రోజుల్లో సినిమా పెట్టె విడుదలకు ముందురోజే టాకీసు చేరేది. ఆపరేటరు ఒకసారి వేసి చూసుకునేవాడు. అతనితోపాటు అతని బావమరుదులు, వాళ్ళ స్నేహితులు కూడా చూసేవారు. తెల్లారేసరికి హంతకుడి పేరు టీ కొట్టుల్లో మరుగుతూ ఉండేది. అందుకని అప్పలస్వామి పధ్నాలుగో రీలును పెట్టెతో పంపేవాడు కాదు. నాతోపాటు సంచిలో పెట్టి, పైడమ్మ కాళ్ళదగ్గర ఉంచి, పదకొండో రీలు నడుస్తుండగా తానే మేడ మీదకి మోసుకెళ్ళేవాడు. ఆడవాళ్ళ బల్లల మధ్య, ఒక ఆడమనిషి కాళ్ళ దగ్గరున్న మాసిన సంచిని ఎవరు పట్టించుకుంటారని ఆయన ధీమా.

ఆయన పదకొండేళ్ళు ఇదే టాకీసులో ఆపరేటరు. గోడలోని చదరపు కన్నంలోంచి సినిమా కంటే జనాన్నే ఎక్కువ చూశాడు. ఏ రీలుకి బీడీకని లేస్తారు, ఏ రీలుకి మెడలు ముందుకి చాస్తారు, అన్నీ ఆయనకు లెక్కే. నాకూ తెలుసు, ఎందుకంటే నా మొదటి బతుకు బెంచీ తరగతిలో బల్లచెక్కగా గడిచింది. హీరో పాట పాడితే జనం వెనక్కి వాలతారు. చీకటి గదిలో తలుపు కిర్రుమంటే బల్ల అంచుకి జరుగుతారు. మనుషుల గురించి కింద కూర్చున్నవాళ్ళకి తెలిసినంత ఇంకెవరికీ తెలియదు.

ఒకరోజు ఏదో సినిమాలో హంతకుడు ముసుగు తీశాడు. నామీద కూర్చున్న ఎనిమిదిమంది ఒక్కసారి ఎగిరి, ఒక్కసారి కూలబడ్డారు. నేను నడుమ్మీద ఫెళ్ళున విరిగాను. వడ్రంగి నన్ను పొయ్యిలోకి పట్టుకుపోబోతుంటే అప్పలస్వామి మెట్లు దిగి పరిగెత్తుకొచ్చాడు.

"ఆగాగు! ఎనమండుగుర్ని ఎగరేసిన చెక్కిది. నాకిచ్చీ!"

నన్ను కోశారు, నునుపు పట్టారు, నల్లరంగు పూశారు, పాత కిటికీ బందు ఒకటి బిగించి పైన ఇంకో పట్టీ తగిలించారు. ఆ వారమే ఆయన ఆపరేటరు ఉద్యోగం మానేశాడు. జనాన్ని ఎగరేసే పని తనే చేస్తానన్నాడు.

ఇరవయ్యేళ్ళలో ఎనిమిది సినిమాలు తీశాడు. పేర్లు చెబితే మీరు గుర్తుపట్టరు. "పచ్చగొడుగు", "గాజుకన్ను", "పదో నంబరు బంగళా"... అన్నీ హత్యలే. కెమెరా మద్రాసు నుంచి అద్దెకి వచ్చేది. నటులు విజయనగరం నాటక సమాజాల నుంచి వచ్చేవారు. ఏ బంగళా ఖాళీగా ఉంటే అదే సెట్టు. వాన కావాలంటే ఇద్దరు మనుషులు మొక్కలకి నీళ్ళు పోసే డబ్బాలతో చూరెక్కేవారు. పొగమంచు కావాలంటే సాంబ్రాణి. ఆ పొగకి అందరికీ దగ్గొచ్చేది కాబట్టి, అప్పలస్వామి సినిమాల్లో మంచులో నిలబడ్డవాళ్ళు ఎప్పుడూ మాట్లాడరు. మద్రాసు నుంచి వచ్చిన కెమెరామన్ అది గొప్ప శైలి అనుకున్నాడు.

పైడమ్మ యూనిట్ మొత్తానికి వండేది. బట్టలు కుట్టేది. క్లాప్ కూడా ఆవిడే కొట్టేది. ఇంకో ఆర్టిస్టుని పిలిస్తే ఇంకో మనిషికి వండాలని, ప్రతి సినిమాలోనూ కాఫీ తెచ్చే మనిషి వేషం కూడా తనే వేసేది. నామీద సుద్దతో నంబరు వేసి, టప్పుమని కొట్టి, నన్ను బల్లకిందకి తోసి, చెంగుకి చేతులు తుడుచుకుని, ట్రే ఎత్తుకుని కెమెరా ముందుకి నడిచేది. ఒక సినిమాలో జాగ్రత్తగా చూస్తే బల్లకింద నా మూల కనిపిస్తుంది. నేనూ నటినే అన్నమాట. పేర్లు పడేటప్పుడు మా ఇద్దరి సంగతీ "మరియు ఇతరులు" అనే మాటలో సర్దుకుపోయేది.

ఆయన సినిమాలు బాగుండేవి కావా అంటే, బాగుండేవి. ఒక్కటే జబ్బు. అప్పలస్వామి పచ్చి నిజాయితీపరుడు. ప్రేక్షకుడికి ఆనవాలు ఇవ్వకుండా హంతకుణ్ణి చూపించడం మోసమని ఆయన నమ్మకం. అందుకని మొదటి రీల్లోనే ఆ మనిషి మొహం మీదకి కెమెరా తీసుకెళ్ళి ఒక దగ్గరి షాట్ తీసేవాడు. "పచ్చగొడుగు" ఐదో రీల్లో నేల తరగతి నుంచి ఒక గొంతు లేచింది: "ఆ నవ్వుతున్న ముసలోడేరా!" నిజమే, ఆ ముసలివాడే. "గాజుకన్ను" మూడో రీల్లో, పిల్లకి పాలిస్తూ తెరవైపు సగమే చూస్తున్న ఒక తల్లి చెప్పేసింది. ఎనిమిదో సినిమాకి ఇంకా పేర్లు పడుతుండగానే చెప్పేశారు. ఒక సినిమా పత్రికవాడు, అప్పలస్వామి సినిమాలో హంతకుణ్ణి కనుక్కోవడానికి టికెట్టు అక్కర్లేదు, పోస్టరు చాలు అని రాశాడు.

ఆ కాగితం చూసిన రోజునే ఆయనకి రోషం వచ్చి పోస్టరు మీద ఆ శపథం రాయించాడు.

"ఓలమ్మో! అంత మాట గోడలకెక్కించీసినావా?" అంది పైడమ్మ. "సినిమా లేకుండా నువ్వేటి సేత్తావు మావా? ఇంట్లో కూకుంటే నన్ను సంపుతావు, నాకు కాఫీ ఇచ్చీవోళ్ళు కూడా ఉండరు."

తొమ్మిదో సినిమా పేరు "దీపస్తంభంలో ఆరుగురు". భీమునిపట్నం సముద్రం ఒడ్డున ఒక పాత బంగళాలో తీశారు. కథ ఇది. తుపాను రోజున ఒక జమీందారు డాక్టరు, లాయరుతో సహా ఆరుగురు అతిథుల్ని దీపస్తంభం పక్కనున్న తన బంగళాకి పిలుస్తాడు. తెల్లారేసరికి లోపల గడియ పెట్టిన గదిలో చచ్చి పడి ఉంటాడు. విషం. డాక్టరు రోజూ ఇచ్చే నిద్రమాత్రల సీసాలో విషపు మాత్రలు పెట్టి, తర్వాత ఆ సీసా మార్చేశాడని పధ్నాలుగో రీల్లో తేలుతుంది.

రాసేటప్పుడే మొగుడూ పెళ్ళాలకి గొడవైంది.

"డాక్టరు కళ్ళద్దాలు తుడుత్తుంటే అంత దగ్గరగా సూపిత్తే, ఇంకెవరనుకుంటారు మావా?"

"సూపించకపోతే మోసం పైడీ."

"పోనీ లాయరు సేత ఒక్క మాట అనిపించు. ఎనకటికి ఈ దీపం కాసీవోణ్ణి జమీందారు తుపానులో పడవెక్కించీసినాడని, ఆడు మునిగిపోనాడని. ఆడికో పెళ్ళాం ఉండీది, ఏటైపోనాదో ఎవుళికీ తెల్దని."

అలల చప్పుడు మీద ఆ మాట బాగుంటుందని అప్పలస్వామి రాసుకున్నాడు. అంతకుమించి ఆలోచించలేదు.

తర్వాత తలుపు బద్దలుకొట్టే సీను. ఆ రోజు నామీద ఒకే నంబరు కింద టేకులు పెరిగాయి. ఆరుగురూ లోపలికి దూకాలి, శవాన్ని చూసి బిగుసుకుపోవాలి. పైడమ్మ గుమ్మంలో ట్రే పట్టుకుని నిలబడాలి, అంతే. ఆవిడ నిలబడలేదు. ఆరుగురి వెనకనుంచి తిన్నగా మంచం పక్కకి నడిచింది. బల్లమీద జమీందారు తాగి పెట్టిన కాఫీ గ్లాసు తీసి ట్రేలో పెట్టుకుంది. బల్లమీద తడి మరకని చెంగుతో తుడిచి వెళ్ళిపోయింది.

"కట్! గ్లాసెందుకు తీసినావు?"

"ఎంగిలి గ్లాసు అలా ఒగ్గేత్తారేటి?"

రెండో టేకులోనూ తీసింది. మూడో టేకులోనూ. అలవాటు చెయ్యి కదా మావా, ఆగదు అంది. నాలుగో టేకు నామీద రాస్తున్నప్పుడు ఆ చెయ్యి కొంచెమైనా తడబడలేదు. సుద్ద పట్టుకున్న వేళ్ళని నాకంటే దగ్గరగా చూసినవాళ్ళు ఎవరుంటారు? అది అలవాటు కాదు. కానీ ఫిల్ము అడుగంటుతోంది. అప్పలస్వామి విసిగిపోయాడు.

"పోన్లే, ఉంచీండి. ఆ మూలకి ఎవుడు సూత్తాడు!"

ఇక టాకీసుకి వద్దాం. పన్నెండో రీలు మొదలైంది. సూరపరాజు టార్చిలైటుతో గేటుమనిషిని దించాడు. ఆడవాళ్ళ బల్లలన్నీ లేపి కింద వెతికించాడు. "సినిమా సూడనివ్వరేటర్రా!" అని ఒకావిడ లేచి అతని నెత్తిన చనక్కాయ తొక్కలు పోసింది. అందరూ లేచారు. పైడమ్మ లేవలేదు.

"మోకాలు పట్టీసింది బాబూ. సంచీకి కాపలా ఉన్నదాన్ని నానే, నా కిందేటుంటాది?"

టార్చి ముందుకి పోయింది.

తెరమీద ఇనస్పెక్టరు, మాత్రలన్నీ పరీక్ష చేయించామనీ, వాటిలో విషం జాడే లేదనీ చెబుతున్నాడు. డాక్టరు మాత్రలసీసా మార్చేశాడని పధ్నాలుగో రీల్లో బయటపడాలి. హాలులో ఒక్కడు కూడా ఆ మాట పట్టించుకోలేదు. "డాక్టరే! డాక్టరే!" అని తాళం వేస్తున్నారు. పదమూడో రీలుకి ఆ తాళానికి ఈలలు కలిశాయి.

అప్పలస్వామి నన్ను చంకలో పెట్టుకుని మేడమెట్లు రెండేసి చొప్పున ఎక్కాడు. పై గదిలో ఆపరేటరు జోగులు మెషీన్ పక్కన చెమటలు కారుస్తున్నాడు.

"అన్నా, ఇదే ఆఖరు. ఇంకో రెండు నిమిషాల్లో రీలు చివర తెల్లతోక వచ్చీసద్ది. ఇంకేటెక్కించమంటావు?"

"ఏటీ ఒద్దు. దీపం మాత్రం ఆర్పకు. తెర మీద ఉత్త ఎలుతురు ఒగ్గీ."

"ఏటి సేత్తావన్నా?"

"నాకూ తెల్దురా."

ఆ మాట ఆయన సరదాకి అనలేదు. మెట్లు దిగుతున్నప్పుడు నన్ను పట్టుకున్న చెయ్యి చల్లగా ఉంది.

పదమూడో రీలు తోక ఆడింది. తెర తెల్లబడింది. బల్లలు దద్దరిల్లాయి. "రీలేది? రీలెయ్!" ఆ వెలుగులోకి నా యజమాని నడిచి వచ్చి తెరముందున్న అరుగెక్కాడు. ఆయన నీడ తెరమీద రెండు నిలువుల ఎత్తు లేచింది. నా నీడ కూడా. ఇన్నేళ్ళలో ఆయన ప్రేక్షకుల ముందుకి రావడం ఇదే మొదటిసారి.

"ఓయ్ డైరెట్రూ! దుకాణం కట్టీ!"

"పోస్టరు మీద రాసినావు గదా, ఇంటికెళ్ళి వంట సేసుకో బాబూ!"

ఆయన నన్ను పైకెత్తి పట్టీ లాగి కొట్టాడు. టప్! నా జీవితంలో అంత గట్టిగా ఎప్పుడూ అరవలేదు. హాలు చప్పబడింది.

"ఆఖరి రీలు పోయింది," అన్నాడు. "దాన్ని ఎవులో తీసీసినారు. మిమ్మల్ని ఒట్టిచేతుల్తో పంపను. రీల్లో ఉన్నదేదో నేనే సెప్తాను. డాక్టరన్నోళ్ళు సేతులెత్తండి."

ఆరొందల చేతులు లేచాయి. ఈలలు. ఒప్పేసుకుంటే అయిపోతుంది. నోరు తెరిచాడు కూడా. అప్పుడే ముందు వరసలోని ఒక లుంగీ మనిషి పక్కవాణ్ణి పొడుస్తూ, "మాత్తర్లలో ఇసం లేదన్నాడు గదరా ఇనస్పెట్రు," అన్నాడు.

అప్పలస్వామి తెరిచిన నోరు మూశాడు. అవును. జనం చూసింది పదమూడు రీళ్ళే. ఆ పదమూడు రీళ్ళలో మాత్రలు మంచివే. సీసా మారిందని చెప్పే రీలు లోకంలో లేదు. ఆయన నన్ను ఎంత గట్టిగా నొక్కాడంటే నా బందు కిర్రుమంది.

"ఏటన్నావు? మళ్ళీ అను!"

"మాత్తర్లు మంచివన్నాడు."

"మరి ఇసం దేన్లో ఉన్నట్టు?"

గుసగుసలు. ఒక ఆడగొంతు: "ఆడు కాఫీ తాగినాడు."

"తాగేడు! గ్లాసు ఎక్కడుంది?"

"మంచం పక్కన, బల్ల మీద!"

"తలుపు బద్దలుకొట్టినాక ఉందా?"

ఆరొందలమంది తలల్లో అదే సీను మళ్ళీ నడుస్తోంది. ఆయన తలలోనూ నడుస్తోంది. నాలుగు టేకులూ నడుస్తున్నాయి. ఆరుగురి వెనకనుంచి, ఎవరూ చూడని మూల నుంచి...

"లేదు!" బాల్కనీలో ఎవరో లేచి అరిచారు. "తీసీసినారు! మన కళ్ళ ముందే తీసీసినారు!"

"ఎవులు తీసినారు?" అప్పలస్వామి కూడా అరుగు అంచుకి జరిగాడు. ఒకప్పుడు మేడమీది కన్నంలోంచి చూసింది, ఇరవయ్యేళ్ళుగా వెతుకుతున్నది ఇప్పుడు ఆయన ఎదుటికే వచ్చింది. మెడలన్నీ ముందుకి సాగాయి. బల్లల అంచులన్నీ నిండాయి. "బాగా గుర్తు సేసుకోండి. గ్లాసు తీసి బల్ల తుడిసింది ఎవులు? రాత్రి ఆ కాఫీ లోపలికి తెచ్చింది ఎవులు? దీపం కాసీవోడు సముద్రంలో పోనాడని లాయరు సెప్పినాడే, ఆడి పెళ్ళాం ఏటైపోనాది?"

హాలంతా ఒక్కసారి ఊపిరి లోపలికి లాగింది. "ఓలమ్మో... కాఫీ ఆవిడా!"

"ఎవులావిడ? పేరేటి? పేరు సెప్పు డైరెట్రూ!"

పేరు. ఆయన వెతుక్కున్నాడు. స్క్రిప్టులో లేదు. తొమ్మిది సినిమాల్లో తలుపులు తీసి, ట్రేలు మోసి, గిన్నెలు కడిగిన ఆ మనిషికి ఆయన ఒక్క పేరైనా పెట్టలేదు. ఆ వెతుకులాటలో ఆయన కళ్ళు ఆడవాళ్ళ బల్లల మీద పడ్డాయి. మూడో వరస చివర. అందరూ లేచి నిలబడి మెడలు చాస్తున్నారు. ఒక్క మనిషి మాత్రం కదలకుండా, బల్లమీద సరిగ్గా ఒక రేకు డబ్బా మందమంత ఎత్తుగా, నిటారుగా కూర్చుని ఉంది. ఆయన వంకే చూస్తోంది. చనక్కాయలు తినడం మానేసింది.

నన్ను పట్టుకున్న చెయ్యి ఒక్కసారిగా వెచ్చబడింది.

"నా కథలో ఆవిడకి పేరు లేదు," అన్నాడు అప్పలస్వామి. "నాదే బుద్ధితక్కువ. జమీందారు గదిలోంచి గ్లాసు తీసిందీ, నా సంచీలోంచి ఆఖరి రీలు తీసిందీ ఒక్క చెయ్యే. రెండూ నా కళ్ళెదుటే తీసింది, నేను సూడలేదు."

"పేరు! పేరు!"

ఆయన నన్ను అరుగుమీద పెట్టేశాడు. రెండు చేతులూ నోటికి అడ్డంపెట్టుకుని, బాల్కనీ చివరి కుర్చీకి కూడా వినపడేలా కేక పెట్టాడు.

"పైడమ్మ! ఇప్పిలి పైడమ్మ!"